మజ్జిగ తాగి వెళ్ళిన పిల్ల

దెయ్యాలన్నా, కలలు నిజమవడమన్నా నేను నవ్వే రకం. ఇప్పటికీ ఎవరైనా ఆ కబుర్లు మొదలుపెడితే లేచి వెళ్ళిపోతాను. కానీ ఈ ఒక్క సంగతి దగ్గర నా నోరు మూతబడుతుంది.

ఎనభైల్లో మాస్కోలో ఇంజనీరింగు చదివాను. హాస్టల్లో అంతస్తుకొక ఉమ్మడి వంటగది ఉండేది. బంగాళాదుంపలు వేయిస్తూ అక్కడే పరిచయమైంది లేనా, మా క్లాసు రష్యన్ పిల్ల. నా గోంగూర పచ్చడి రుచి చూసి కళ్ళనీళ్ళు పెట్టుకుంది, మళ్ళీ ప్లేటు చాపింది. అంతే, నేను పడిపోయాను. గేటు దగ్గర కాపలా ముసలమ్మ కసుర్లు పడలేక, మంచులోనే చేతులు పట్టుకుని తిరిగేవాళ్ళం.

సెలవులకి నరసరావుపేట వస్తుంటే నన్ను పెట్టె మీద కూర్చోబెట్టి తనూ పక్కన కూర్చుంది. ప్రయాణానికి ముందు అలా కాసేపు మౌనంగా కూర్చోవడం వాళ్ళ ఆనవాయితీ. లేచాక, "మీ అమ్మకి చెప్తావుగా?" అంది. తలూపాను.

ఇంటికొచ్చాక నోరు పెగల్లేదు. అమ్మ అప్పటికే మాచర్ల సంబంధం మాట్లాడేసింది. ఎవరైనా చూస్తారని లేనా ఫోటో కూడా తెచ్చుకోలేదు, అంత పిరికివాణ్ణి.

పెళ్ళిచూపులకి బయల్దేరే రోజు, మిట్టమధ్యాహ్నం. నేను చొక్కా గుండీలు పెట్టుకుంటుంటే అమ్మ వచ్చి నా పెట్టె మీద కూర్చుంది.

"నువ్వూ కూర్చో. మాట్లాడమాక," అంది.

రష్యన్ల ఆ అలవాటు గురించి నేను ఇంట్లో ఎవరికీ చెప్పలేదు.

కాసేపటికి అమ్మే అడిగింది. "ఎవర్రా ఆ పిల్ల? ఇందాక ఈడ కూర్చోనుంది. తెల్లటి పిల్ల, గడ్డం కింద మచ్చ. చానా చెమటలు పట్టినయ్యని మజ్జిగిచ్చా. తాగి, నన్నూ పక్కన కూర్చోమంది. తిరిగి చూస్తే లేదు."

ఆ మచ్చ, లేనా చిన్నప్పుడు మంచు మీద జారిపడ్డప్పటిది. పెట్టె పక్కన గ్లాసు ఖాళీగా ఉంది, అడుగున కరివేపాకు రెబ్బ. అమ్మే తాగి మర్చిపోయిందనుకుందాం. మరి మచ్చ?

ఇంక దాచలేక అంతా చెప్పేశాను. అమ్మ తిట్టింది, ఏడ్చింది. మాచర్ల ప్రయాణం మాత్రం ఆగిపోయింది.

మాస్కో చేరాక నేనింకా నోరు తెరవకముందే లేనా అడిగింది. లైబ్రరీలో కునుకు పడితే కలొచ్చిందట. ఎవరో ఆవిడ తెల్లగా, పుల్లగా ఉన్నదేదో, ఆకు వేసి తాగమని ఇచ్చిందట. ఏమిటది అని.

చదివిన చదువంతా తిరగేసినా ఇదెలా జరిగిందో నాకు ఈనాటికీ అంతుపట్టలేదు.

పెళ్ళి చేసుకుని లేనాని ఇంటికి తెచ్చిన రోజు ఎలా పరిచయం చేయాలా అని దారంతా తంటాలు పడ్డాను. ఆ అవసరమే రాలేదు. అమ్మ మజ్జిగ గ్లాసుతో గుమ్మంలోకి వచ్చి, లేనా చెంప నిమిరి, "మళ్ళా వచ్చావా తల్లీ," అంది.