కృష్ణుడు లాక్కున్న పద్యం

జ్ఞానాంబకు ఎదుటివాళ్ళ నోట్లోని మాట లాక్కునే జబ్బు ఉండేది. బస్సు కండక్టరు 'చంద్ర' అనగానే 'గిరి' అని ఆమె అనేసేది. డాక్టరు నాడి పట్టుకుంటే జబ్బు పేరూ మందూ పథ్యమూ తానే చెప్పేసి, చీటీ రాసే పని మాత్రం ఆయనకు వదిలేది.

చిత్తూరులో కుప్పయ్య నాటకాల కంపెనీకి ఆమె కృష్ణుడు, దొరస్వామి దుర్యోధనుడు, నేను హార్మోనియం. రాయబారం సీనులో సూదిమొనంత నేల కూడా ఇవ్వనని దుర్యోధనుడు పాడాల్సిన పద్యాన్ని కృష్ణుడే పాడేసేవాడు.

"రాజీ చేసేదానికొచ్చినావా తల్లీ, తగువు పెట్టేదానికా?" అని జనం అరిచేవాళ్ళు.

"సూసినావా ఏకాంబరం, నా పద్యమంటే ఆమెకు కుళ్ళు" అని దొరస్వామి తెర వెనక నాతో అనేవాడు.

"అవునన్నా, ఆశపోతుదాన్ని" అని ఆమె ఒప్పేసుకునేది.

ఆ జబ్బే ఆమె సినిమాను మింగింది. మద్రాసులో హీరో తల్లి వేషం దొరికింది. హీరో శపథం చేయాల్సిన చోట తల్లి చేసేసింది. ఎన్నిసార్లు తీసినా అంతే. సాయంత్రం బస్సుకు వెనక్కి పంపేశారు. అప్పటికే ఊరూరా టూరింగ్ టాకీసులు వచ్చి మా నాటకాలకు జనం పలచబడ్డారు. ఇంక ఆమెకు వేరే దారి లేకపోయింది.

డెబ్బై తొమ్మిది ముసురులో చంద్రగిరిలో నాటకం. పొద్దుగూకినా జనం కంటే ఖాళీ చాపలే ఎక్కువ. జ్ఞానాంబ గొంతు బొంగురుపోయి ఉంది. రంగు పూసుకున్నాక దొరస్వామి గద భుజాన పెట్టుకుని మెల్లగా అడిగాడు.

"జ్ఞానాంబా, ఈపొద్దు నేను ఎవరు?"

"దుర్యోధనుడివన్నా" అంది ఆమె, రోజూ చెప్పే మాటలాగే. ఆయన తలూపి, అడిగిన సంగతి కూడా మరిచిపోయి అటు వెళ్ళాడు.

నేను ఆమెను పక్కకు పిలిచాను. "ఎప్పట్నించి ఇట్లా మరిచిపోతాండాడు?" అన్నాను.

"శానా ఏండ్లుగా. ఎవరితోనూ అనొద్దప్పా. తెలిస్తే కుప్పయ్య ఇంటికి పొమ్మంటాడు. ఆ ఇంట్లో ఆయప్పకు ఎవరుండారు? తిట్లేమన్నా ఉంటే నేను తింటాలే."

"సినిమా గూడా పోయె గదమ్మా."

"అలవాటైపోయినాది. ఎవరన్నా రవ్వంత ఆగితే నాకు భయమేస్తాది."

రాయబారం సీను వచ్చింది. దొరస్వామి మీసం మెలేసి 'సూదిమొన' అని ఆగిపోయాడు. జ్ఞానాంబ నోరు తెరిచింది. గాలి తప్ప ఏమీ రాలేదు. ముందు వరసలో కుప్పయ్య మెడ సాచి దొరస్వామినే చూస్తున్నాడు. కృష్ణుడి కళ్ళలో నీళ్ళు తిరిగాయి. నా వేళ్ళు హార్మోనియం మెట్ల మీదే ఉన్నాయి, నోరు మాత్రం నన్ను అడగలేదు. మిగతా పద్యమంతా రాగంతో సహా పాడేశాను.

"ఏమప్పా హార్మోనియం, ఆయమ్మ జబ్బు నీకూ అంటుకొన్యాదా?" అని జనం గొల్లుమన్నారు. కుప్పయ్య దొరస్వామిని వదిలేసి నా మీద మండిపడ్డాడు.

తెర పడ్డాక దొరస్వామి నన్ను గదతో పొడిచాడు. "ఆమె ఒకతే అనుకొంటి. నీకు గూడా కుళ్ళా?"

"ఏం చేసేదన్నా, నీ పద్యం అట్లాంటిది" అన్నాను.

జ్ఞానాంబ ఏదో అనబోయి, గొంతు లేక, నా చెయ్యి పట్టుకుని ఊరుకుంది. నా మాట నన్ను పూర్తి చేయనిచ్చింది ఆ ఒక్కనాడే.

ఆ తరవాత ఇద్దరం వంతులేసుకుని లాక్కున్నాం, వంతులేసుకుని తిట్లు తిన్నాం. దొరస్వామి మాత్రం, తన పద్యాలకు ఎంత గిరాకీయో అని పోయేదాకా మురిసిపోతూనే ఉన్నాడు.