విడుపునాడు రాని పండగ

నా నవల్లో సంవత్సరానికి పదమూడు నెలలు. నెలకి ఇరవై ఎనిమిది రోజులు, అంటే సరిగ్గా నాలుగు వారాలు. వారంలో ఆఖరి రోజు పేరు విడుపు; ఆ రోజు ఎవరూ పనిచెయ్యరు. మేముండే ఈ అరబ్బు ఊరు సలాలాలో కొండల్ని మంచు కమ్మే వానాకాలం చూసి నెలలకి పేర్లు పెట్టాను: తొలిమసక, సన్నజల్లు, కొండపచ్చ, తెరతీత, ఇంకా అలాంటివే. మొత్తం మూడొందల అరవై నాలుగు రోజులు. మిగిలిన ఒక్క రోజుని ఏ నెలలోనూ, ఏ వారంలోనూ చేర్చకుండా దానికీ సెలవిచ్చేశాను. రెండేళ్లు డైరీ వెనక పేజీల్లో గీసుకున్న పంచాంగం ఇది. కథలో తప్పులుంటే ఉండొచ్చు గాని తేదీల్లో ఉండవని నా ధీమా.

నవల రాస్తున్నట్టు ఇంట్లో తప్ప ఎవరికీ తెలీదు. పళ్ల క్లినిక్‌లో రిసెప్షన్ దగ్గర కూర్చుని రోజంతా ఇతరులకి తేదీలిస్తాను, నా గురించి ఒక్క మాటా చెప్పను. కానీ ఒక పత్రిక నవలల పోటీ పెట్టిందని చూశాక, ఈసారి పంపి తీరాలనుకున్నాను. పంపేముందు బయటివాళ్లు ఒక్కరైనా చదవాలి కదా. గడువుకి పద్దెనిమిది రోజులుండగా ప్రింటు తీసి మా పై ఫ్లాట్ అక్కకి ఇచ్చాను. ఆవిడది కరీంనగర్, స్కూల్లో లెక్కల టీచరు. ఇచ్చి, ముఖం చూడకుండా మెట్లు దిగొచ్చేశాను.

వారం తిరక్కుండానే, శనివారం పొద్దున పిలిచింది.

"కథ మంచిగుంది చెల్లె. పడవ పిల్ల బాగ నచ్చింది. గని ఒక్కటడుగుత, ఏమనుకోకు. నీ దేశంల పండుగలన్ని విడుపునాడే ఎట్లొస్తయి?"

"పండగంటే సెలవు రోజే కదక్కా."

ఆవిడ పకపకా నవ్వింది. "హాలు ఆ రోజే దొరుకుతదా ఆళ్లకి గూడ?"

అప్పుడర్థమైంది. నేను పుట్టి పెరిగింది ఈ సలాలాలోనే. ఉగాది ఏ వారం వచ్చినా మాకు కొత్త బట్టలూ, నలుగురితో కలిసి పచ్చడీ పులిహోరా శుక్రవారమే. తెలుగువాళ్లం కలిసి అద్దెకి తీసుకునే హాలు దొరికేదీ, అందరికీ సెలవుండేదీ అప్పుడే. అసలు తిథినాడు అమ్మ తెల్లవారుజామున దీపం పెట్టేసి నాన్నకి టిఫిన్ డబ్బా కట్టేది. "పంచాంగం ప్రకారం మంగళవారం, హాలు ప్రకారం శుక్రవారం" అని నాన్న జోకు. ఇంత కష్టపడి కొత్త లోకం కట్టి, అందులోనూ నేను హాలు బుక్ చేసేశాను.

"తెరతీత పండుగంటే కొండ మీద మంచు పోయిననాడు చేస్తరని నువ్వే రాసినవ్. మంచు గూడ వారం జూసుకొనే పోతదా?"

నాకు రోషం వస్తే ముందు చెవులు వేడెక్కుతాయి.

"మా ఆయనకి పోర్టుల షిఫ్టు డ్యూటీ. పోయినేడు శుక్రవారం హాల్ల బతుకమ్మ ఆడినం, ఆయనేమో క్రేన్ మీదున్నడు. అసలు సద్దుల బతుకమ్మ నాడు ఆయనకి ఆఫ్, తతిమ్మోళ్లందరికి డ్యూటీ. స్టీలు ప్లేట్ల పూలు పేర్చి టీపాయి మీద పెట్టిన. ఇద్దరమే చుట్టు తిరిగినం. ఆయనకి పాట రాదు, చప్పట్లు గూడ తప్పు కొట్టిండు." నవ్వుతూనే చెప్పింది. "నీ దేశంల అసొంటోళ్లు ఎవరు లేరా?"

ఉన్నారు. నా కథానాయిక, ఆ పడవ పిల్లే ఉంది. ఏటి మీద జనాన్ని దాటించడం ఆమె పని. పన్నెండో అధ్యాయంలో పండగ విడుపునాడు వస్తుంది కాబట్టి పడవ కట్టేసి సంబరానికి వెళ్తుంది. చిన్నప్పుడు తప్పిపోయిన చెల్లెలు అక్కడ కనబడుతుంది. పండగ పనిరోజున వస్తే? ఊరంతా ఏరు దాటాలి, ఆమె తెడ్డు వదలకూడదు. సంబరానికి వెళ్లదు, చెల్లెలు కనబడదు. ఆ తరవాతి పది అధ్యాయాలూ ఆ కలయిక మీదే నిలబడి ఉన్నాయి.

"ఆ రోజులు ఎవరు లెక్కపెడతారే? పంపేసెయ్" అంది అమ్మ. అందులో తప్పేం లేదు. కానీ ఆ అధ్యాయం తీసినప్పుడల్లా నాకు ఏటి ఒడ్డు బదులు మా హాల్లోని ప్లాస్టిక్ కుర్చీలు కనబడటం మొదలైంది.

క్లినిక్ మధ్యాహ్నం ఒంటిగంట నుంచి నాలుగింటిదాకా మూస్తారు. ఇంటికెళ్లడం మానేసి అక్కడే కూర్చున్నాను. ముందు పదమూడు నెలలూ కొట్టేశాను. ముప్ఫై రోజులది ఒకటి, ఇరవై తొమ్మిది రోజులది ఒకటి, అలా మార్చి మార్చి పన్నెండు నెలలు పెట్టాను. నెల మారినా వారం ఆగకుండా నడుస్తుంది. పడవ పిల్ల పుట్టినప్పటినుంచి పందొమ్మిదేళ్ల పంచాంగం పాత అపాయింట్‌మెంట్ కాగితాల వెనక రాశాను. మంచు విడిచే రోజు నేను ఎంచుకోకూడదు. తెరతీత నెలలోని ముప్ఫై రోజులకీ ముప్ఫై చీట్లు చుట్టి ఏడాదికొకటి తీశాను. కథ జరిగే పందొమ్మిదో ఏట వచ్చింది వారంలో మూడో రోజు, నట్టనడుమ పనిరోజు. మడిచి మళ్లీ తియ్యాలని చెయ్యి లాగింది. తియ్యలేదు.

మొదటి పదకొండు అధ్యాయాల్లో తేదీలు సరిచేసేసరికే గడువు వచ్చేసింది.

"ఇవాళేగా ఆఖరు?" అడిగింది అమ్మ.

"అవును. పంపట్లేదు."

సంగతి తెలిసి పై ఫ్లాట్ అక్క చాలా బాధపడింది. "నా నోరు ఊకుండదు! అట్లనే పంపకపోతివా చెల్లె."

"వచ్చే పోటీకి పంపుతానక్కా. మీరు మళ్లీ మొదట్నుంచీ చదవాలి." నా గొంతు అంత గట్టిగా వస్తుందని నాకూ తెలీదు.

మర్నాడు మధ్యాహ్నం పన్నెండో అధ్యాయం మొదలుపెట్టాను. పడవ పిల్ల తెల్లవారినప్పటినుంచి తెడ్డు వేస్తోంది. అరచేతులు బొబ్బలెక్కాయి. ఎక్కినవాళ్లందరి ఒంటి మీదా కొత్త బట్టలు. పదో దఫానో పన్నెండో దఫానో, ఒక అమ్మాయి ఎక్కి ఎదురుగా కూర్చుంది.

"అందరూ సంబరానికి పోతున్నారు. నువ్వు రావా?" అంది.

"నేనొస్తే మిమ్మల్ని ఎవరు దాటిస్తారు?"

ఆమె తలెత్తి తెడ్డు పట్టుకున్న చేతుల్ని చూసింది, తరవాత ముఖం. ఎవరు ముందు గుర్తుపట్టాలో నాకింకా తెలీదు. నాలుగింటికి నేను లేచి క్లినిక్ తలుపు తీసేసరికి పడవ ఏటి మధ్యలోనే ఉంది.