గోదావరిలో కలిసిన అరబ్బీ కాగితాలు

ప్రతి గొంతుకూ, ప్రతి అక్షరానికీ మూలమైన దేవునికి స్తోత్రం. నాకు జవాబివ్వని రోజుల్లో కూడా నా చేయి వదలని ఆయనకు వందనాలు.

మొన్న ఆర్మూర్ మార్కెట్ యార్డు ముందు ఆటో దిగగానే పసుపు వాసన ముక్కుకు తగిలింది. దానితో పాటే, నేను ఎనిమిదో తరగతి చదివిన ఏడు, కువైట్‌లో ఇంటిపని చేసే మా ఎస్తేరు చిన్నమ్మ సెలవు మీద వచ్చిన ఆ పసుపు కాలమంతా కళ్ల ముందుకొచ్చింది: చేలో పసుపు ఉడికించే ఇనుప కడాయిల నుంచి లేచే ఆవిరి, పసుపు అంటిన వేళ్లతోనే తుంచుకుని తిన్న జొన్నరొట్టె, పచ్చి ఉల్లిగడ్డ, పొయ్యిలోకి కట్టెలు తోస్తూ కీర్తనలు పాడే మా నాయనమ్మ.

చిన్నమ్మ తెచ్చిన ఖర్జూరాల కంటే ఆమె చెప్పిన కథే నాకు తీపి. యజమానురాలు మధ్యాహ్నాలు అరబ్బీ సినిమాలు చూస్తుంటే, వెనక నిలబడి బట్టలు ఇస్త్రీ చేస్తూ, చిన్నమ్మ సల్వా అనే నటి బతుకంతా తెలుసుకుంది. సల్వా మొదట మాటల్లేని చెల్లెలి వేషం వేసింది, పెళ్లి పాటల్లో వెనక వరుసలో ఆడింది, హీరోయిన్ అయింది, జడ్జి ముందు పిల్లల కోసం వాదించే తల్లిగా అందరినీ ఏడిపించింది. ఆ తర్వాత ఉన్నట్టుండి మానేసింది.

ఎందుకని అడిగితే చిన్నమ్మ, సల్వా బొమ్మలూ రాతలూ ఉన్న అరబ్బీ పత్రికల కాగితాలు అతికించిన ఒక నోటుబుక్కు నా చేతిలో పెట్టింది.

"నాకు మాట సమజైతది గని రాత రాదు బిడ్డా. అంత గిండ్లనే ఉన్నదట."

ఆ వారమే ఆమె విమానం ఎక్కింది.

నాకది ఊరికే కథ కాదు. మూడు క్రిస్మస్‌లు మా సంఘం నాటికలో మరియ వేషం నాదే. ఆ ఏడు, ఈడొచ్చిన పిల్ల వేదిక ఎక్కకూడదని సంఘ పెద్దలన్నారు, మా నాన్న తలూపాడు. సల్వా తానే మానుకుందా, ఎవరైనా మాన్పించారా? అది తెలిస్తే నేను ఊరుకోవాలో కొట్లాడాలో తేలుతుందనుకున్నాను. ఆర్మూర్ పక్కనే, పెర్కిట్‌లో మా ఇంటి వెనక మసీదులో అరబ్బీ చదువు చెప్పే ముసలాయన్ను చదివి పెట్టమని అడిగాను. ఒక ఆడమనిషి జీవితం అని మాత్రమే చెప్పాను. శుక్రవారం తెమ్మన్నాడు.

గురువారం బడి నుంచి వచ్చేసరికి నోటుబుక్కు లేదు. నాయనమ్మ మంచి పని చేసిన ముఖంతో కూర్చుంది.

"ప్రార్థన జేసే ఇంట్ల గా బొమ్మలెందుకే? చింపి కడాయి కిందేసిన. రాత మాత్రం కాలవెట్టలే. ఎవలదైతేంది, దేవుని మాటనే గద. తెల్లగుడ్డల గట్టి మసీదు డబ్బల ఏసొచ్చిన."

అరబ్బీ రాత ఏదైనా ఆమెకు ఖురానే. చిరిగిపోయిన పవిత్ర గ్రంథాల కాగితాలు వేసే రేకు డబ్బా అది. నిండగానే గోదావరిలో కలుపుతారు. నేను పరుగెత్తేసరికి అది ఖాళీ.

"పగటికే నిండింది బేటీ," అన్నాడు ముసలాయన. "పిలగాళ్లు మెండోర దిక్కు గోదారి నీళ్లల్ల ఇడిసొచ్చిండ్రు. గుడ్డల గట్టిన రాతను మేం ఇప్పి గుడ చూడం."

అందరూ భక్తితోనే చేశారు. అందుకే ఇన్నేళ్లయినా నా కోపానికి దిక్కు దొరకలేదు.

కడాయిలు పోయి ఆవిరి యంత్రాలొచ్చాయి. నాయనమ్మ లేదు. చిన్నమ్మకు ఆ సినిమాల పేర్లు కూడా గుర్తులేవు. ఫోన్‌లో వెతికితే సల్వాలు ఎందరో ఉన్నారు, ఎవరి ముఖమూ ఆ ముఖం కాదు. ఈలోగా, పదమూడేళ్ల నా కూతురు ఈ క్రిస్మస్‌కు మరియ వేషం కావాలంటోంది. సంఘంలో మాట మాత్రం మారలేదు. ఆదివారం పెద్దల ముందు నేను నిలబడాలి.

నాతో కలిసి ప్రార్థించండి: ప్రభువా, ఆ సల్వా ఎక్కడున్నా చల్లగా చూడు. నా బిడ్డను మాన్పించకముందే నాకు నోరివ్వు. ఆమేన్.