దోల్చెదోర్మె కింద సవేరియా

మా ఊళ్ళో ఏ గుమ్మంలో నిలబడి తలెత్తినా పొల్లినో కొండలే కనిపిస్తాయి. వాటిలో అన్నిటికన్నా ఎత్తైనదాన్ని దోల్చెదోర్మె అంటాం. తియ్యగా నిద్రపోతోంది అని ఆ మాటకు అర్థం. అంత కర్కశమైన కొండకు ఆ పేరెలా వచ్చిందని అడిగితే మనిషికో మాట చెబుతారు. వెల్లకిలా పడుకున్న ఆడమనిషిలా ఉంటుందని ఆడవాళ్ళంటారు. వేసవిలో గొర్రెలు కడుపునిండా మేసి అక్కడే కునుకు తీస్తాయని కాపరులంటారు. పొల్లినో అన్న పేరే పసి జీవాలను బట్టి వచ్చిందని వాళ్ళ వాదన. కాదు, అది పాతకాలపు సూర్యదేవుడి పేరని మా ఫాదరు దోన్ ఎరాస్మో పట్టుబట్టేవాడు. మంచు పనివాళ్ళు మాత్రం ఈ వాదనల్లోకి దిగేవారు కాదు. మంచులో కూలబడినవాడికి కాసేపటికి ఒళ్ళు వెచ్చబడి కమ్మగా నిద్ర ముంచుకొస్తుందని వాళ్ళకు తెలుసు. పైన ఎంత అలిసినా కూర్చోవద్దని పిల్లలకు చెప్పి ఊరుకునేవారు.

సవేరియా మంచు పనివాళ్ళ ఇంట పుట్టింది. మా అమ్మా ఆమే ఒకే వీధిలో పెరిగారు. చలికాలంలో కొండ మీది లోతైన గోతుల్లో మంచు నింపి, గట్టిగా తొక్కి, ఎండుటాకులు పరిచి, మళ్ళీ మంచు పోసి, చివర కొమ్మలూ మట్టీ కప్పేవారు. ఎండాకాలం ఆ గడ్డలు కోసి కంచరగాడిదల మీద కస్త్రోవిల్లారి పట్నానికి దింపేవారు. కొంత దొరల షర్బత్తుల్లోకి, కొంత జ్వరపడ్డవాళ్ళ నుదుటి మీదికి పోయేది. తొక్కడం ఆడవాళ్ళ పని. సవేరియా తొక్కిన మంచు పట్నం చేరేదాకా చుక్క కారదని పేరు.

అగాజియో కూడా ఆ పనివాడే. నవ్వులాట మనిషి. తండ్రి లేడు, తల్లి కతెరీనాకు ఒక్కగానొక్క కొడుకు. పెళ్ళయిన కొత్తలో అందరి ముందూ పెళ్ళాన్ని ఉడికించేవాడు.

"మా అమ్మ నీ మొహం చూసి చేసుకోమన్లేదే. కాళ్ళు చూసి చేసుకోమంది. మంచు తొక్కడానికీ ద్రాక్ష తొక్కడానికీ రెండిటికీ పనికొస్తాయంది."

"నన్ను నీకెందుకిచ్చిందో మా అమ్మనడుగు. ఆ ఏడు ఊళ్ళో గాడిదలు దొరకలేదట," అనేది సవేరియా. కతెరీనా పక్కనే కూర్చుని పొట్ట పట్టుకుని నవ్వేది. అత్తాకోడళ్ళంటే అలా ఉండాలని మా అమ్మమ్మ అనేదట.

ఒక ఏడాది జనవరి చివర్లో సవేరియా నీళ్ళోసుకుని ఉంది. మొగుడూ పెళ్ళాలు మిగతావాళ్ళతో కలిసి గోతి పనికి పైకి వెళ్ళారు. మధ్యాహ్నానికి ఆకాశం సీసంలా మారితే అందరూ దిగడం మొదలుపెట్టారు. గోతికి కప్పు వెయ్యకపోతే చేసిన పనంతా పాడవుతుందని వీళ్ళిద్దరూ ఆగారు. కప్పు వేసి గట్టు దిగుతుంటే అగాజియో కాలు జారి మడమ దగ్గర విరిగింది. అంతలో గాలి లేచింది. గాడిద బెదిరి తాడు తెంపుకుని పోయింది. అతను ఆమె భుజం మీద బరువంతా మోపి కుంటుతూ కొంతదూరం వచ్చాడు. తర్వాత ఒక బండ పక్కన కూలబడిపోయాడు.

చీకటి పడే వేళకు, కొండ నడుమ బొగ్గులు కాల్చేవాళ్ళ గుడిసె తలుపు ముందు సవేరియా ఒక్కతే పడి ఉంది. ఒంటి మీద తన శాలువా, దాని పైన మొగుడి ఉన్నికోటు.

గాలి తగ్గాక మనుషులు పైకెళ్ళి అగాజియోను తెచ్చారు. చొక్కాతో ఉన్నాడు. పైన ఏమీ లేదు. మోసుకొచ్చినవాళ్ళు ఆ మాట ఊళ్ళో ఎవరికీ చెప్పనక్కరలేకపోయింది. అందరూ చూశారు. సవేరియా పాదాలు నల్లబడి ఉన్నాయి. మంగలి ఆమె కాలివేళ్ళు కోసి తీసేశాడు. అగాజియోను పూడ్చిన రోజు ఆమెను మంచం మీద మోసుకొచ్చి సమాధి దగ్గర కూర్చోబెట్టారు.

దోన్ ఎరాస్మో మంచివాడే. తల్లిని ఓదార్చాలనుకున్నాడు.

"కతెరీనమ్మా, ఏడవకు. ఆ కొండకు ఆ పేరు ఊరికే రాలేదు. నీ కొడుకు నొప్పి తెలీకుండా, నీ ఒళ్ళో ఉన్నట్టు తియ్యగా నిద్రపోయాడు."

కతెరీనా ఆ మాటను కళ్ళకద్దుకున్నట్టు తీసుకుంది. అప్పుడు సవేరియా మంచం మీంచి అంది: "ఫాదరూ, నేనక్కడున్నాను. అది తియ్యటి నిద్ర కాదు."

అత్త మెల్లగా కోడలివైపు తిరిగింది.

"నా కొడుకు కోటు కప్పుకుని, వాడి నిద్ర గురించి నాకు చెబుతావంటే?"

ఆ ఇంట్లో ఆ రోజు నుంచి ఒకే పొయ్యి మీద రెండు కుండలు ఎక్కాయి. ఒకరు వండింది మరొకరు ముట్టలేదు. వెళ్ళడానికి సవేరియాకు పుట్టిల్లు మిగల్లేదు. వెళ్ళగొట్టడానికి కతెరీనాకు మనసు రాలేదో, కడుపులో ఉన్నది కొడుకు బిడ్డ అని ఆగిందో తెలియదు.

ఆగస్టులో ఆడపిల్ల పుట్టింది. మా వైపు మొదటి ఆడపిల్లకు నాన్నమ్మ పేరు పెట్టాలి. కతెరీనా ఒప్పుకోలేదు. "నా పేరు దానికొద్దు. దాని తల్లి చేతిలో ఇప్పటికే నావి చాలా ఉన్నాయి," అంది. పిల్ల పుట్టింది దేవమాతను మంచుమాతగా కొలిచే పండగ రోజు. అందుకని దోన్ ఎరాస్మో నివెస్ అని బాప్తిస్మం ఇచ్చాడు. నివెస్ అంటే మంచు. సవేరియా పగలబడి నవ్విందట ఆ పేరు విని. ఆ నవ్వు తలుచుకుంటే ఇప్పటికీ ఒళ్ళు జలదరిస్తుందని మా అమ్మ చెప్పేది.

ఊరు ఊరుకోలేదు. బట్టలుతికే చోట ఒకామె, "ఏం సవేరియా, చలి ముదురుతోంది. ఈ ఏడు ఎవరి కోటు చూసుకున్నావ్?" అని గుచ్చింది.

"నీ మొగుడిదే అడిగానమ్మా. మాసికలు తప్ప కోటు లేదన్నాడు," అంది సవేరియా, చేతిలో బట్టను రాతి మీద బాదుతూ. నోరు ఎప్పుడూ పడిపోలేదు ఆమెకు. కానీ కోటు గురించి అవునని గానీ కాదని గానీ ఎవరికీ చెప్పలేదు. మా అమ్మ కూడా అడగలేదు.

నివెస్ అందరికీ ముద్దొచ్చే పిల్ల. నాన్నమ్మ దాన్ని పేరు పెట్టి పిలిచేది కాదు. "ఏయ్ పిల్లా" అనేది. అలా అంటూనే తన కుండలోంచి చిక్కుడుగింజల చారు దానికి పోసేది. పిల్ల రెండు కుండల్లోదీ తిని పెరిగింది.

ఇంతలో పట్నంలో ఐసు ఫ్యాక్టరీ పెట్టారు. మంచు కొనేవాళ్ళు లేక గోతులు పూడిపోయాయి. తల్లీ కూతుళ్ళు చలికాలం మైదానానికి దిగి అతిమధురం వేళ్ళు తవ్వే కూలికి పోసాగారు. వేళ్ళు లేని పాదాలతో సవేరియా మోకాళ్ళ మీద కూర్చుని తవ్వేది. ఓ ఏడాది పని పెందలాడే తెగక, వేసవి ముదిరేదాకా ఆ బురదనేలల్లోనే ఉండాల్సి వచ్చింది. నివెస్‌కు చలిజ్వరం పట్టుకుంది. ఇంటికి తెచ్చేసరికి ఒళ్ళు పెనంలా కాలుతోంది. నుదుటి మీద పెట్టడానికి ఇంత మంచు కావాలని సవేరియా ఇల్లిల్లూ తిరిగింది. మంచు పనివాళ్ళ ఊళ్ళో ఆ ఆగస్టులో పిడికెడు మంచు లేదు. మా నాన్న ఐసు కోసం పట్నానికి పరిగెత్తాడు. గోనెలో చుట్టి తెచ్చేసరికి సగం నీరైంది, పిల్ల పోయింది.

కతెరీనా వచ్చి తన నల్ల శాలువా తీసి పిల్ల మీద కప్పింది. వంగి చెవిలో, "కతెరీనా. నా కతెరీనా," అంది. సమాధి శిలువ మీద ఆ పేరే రాయించింది. సవేరియా అడ్డు చెప్పలేదు.

ఇంట్లో ఇద్దరే మిగిలారు. ఆ చలికాలం కతెరీనా మంచాన పడింది. మా అమ్మ రొట్టె పట్టుకుని వెళ్ళి, గుమ్మంలో ఉండగానే ముసలామె గొంతు విని ఆగిపోయింది.

"ఊరంతా నాకు తియ్యటి మాటే చెప్పింది. వాళ్ళెవరూ అక్కడ లేరు. నువ్వున్నావు. చెప్పవే."

"ఇప్పుడు విని ఏం చేస్తావత్తా?"

"చేసేదేముంది. కన్నాను కదా. వినాలి."

సవేరియా ఏ తడబాటూ లేకుండా చెప్పింది. "మొదట నవ్వాడు. నన్ను మోసుకుపోవే, నీ కాళ్ళ బలం చూద్దామన్నాడు. ఆ తర్వాత వణుకు. పళ్ళు కొట్టుకుని నాలిక తెగింది, గడ్డమంతా రక్తం. లేవమని చెంపలు వాయించాను, జుట్టు పట్టి ఈడ్చాను. దేవుణ్ణి పిలవలేదు. నిన్ను పిలిచాడు. ఆఖర్న నేనే నువ్వనుకున్నాడు. అమ్మా, రొట్టె మాడుతోంది చూసుకో అని కేకలేశాడు. ఉడికిపోతోందంటూ కోటు గుండీలు విప్పుకోబోయాడు. వేళ్ళు వంగలేదు. నేను విప్పాను."

"అప్పటికి ఊపిరుందా?"

"ఉంది."

"ఇస్తానన్నాడా?"

"అన్లేదు. నేనే తీసుకున్నాను. కడుపులో బిడ్డ ఉంది. తీసుకుని వెనక్కి చూడకుండా దిగిపోయాను. వెనక నుంచి ఇంకా పిలుస్తూనే ఉన్నాడు."

ముసలామె గోడవైపు తిరిగింది. మా అమ్మ రొట్టె గుమ్మంలో పెట్టి, చప్పుడు చెయ్యకుండా వచ్చేసింది.

మర్నాడు పొద్దున మా అమ్మ మళ్ళీ వెళ్ళేసరికి సవేరియా తన కుండలోంచి గంజి తీసి అత్తకు తాగిస్తోంది. ముసలామె తాగుతోంది. క్షమించానని ఆమె అనలేదు, క్షమించమని ఈమె అడగలేదు. దోన్ ఎరాస్మో చూడ్డానికి వచ్చి అలవాటుగా ఆ తియ్యటి నిద్ర మాట ఎత్తబోతే కతెరీనా చెయ్యెత్తి ఆపేసింది.

"చాలు ఫాదరూ. వాడు నన్ను పిలిచాడు. నాకు అదే కావాలి."

ఎండాకాలం రాకముందే ఆమె పోయింది. ఒళ్ళు కడిగి బట్టలు కట్టిన చేతులు కోడలివే.

సవేరియా తర్వాత చాలా ఏళ్ళు బతికింది. రెండు మేకలు పెంచుకుంది. మా ఇంటికొచ్చి ఉండమని మా అమ్మ బతిమాలితే, "నీ కోడలితో నువ్వు పడు, నా మేకలతో నేను పడతాను," అనేది. యుద్ధం నాటి ఒక చలికాలం ఊపిరితిత్తులు పట్టేసి, ఒక్కతే పడుకున్నచోట పోయింది. మేకల అరుపు విని నేనే తలుపు తోశాను. నిద్రపోయినట్టు మాత్రం లేదు, కళ్ళు తెరిచే ఉన్నాయి.

నేల గడ్డకట్టి గునపం దిగలేదు. నివెస్ పక్కన, సమాధి తవ్వాల్సిన చోట కట్టెలు పేర్చి మంట పెట్టారు. మట్టి మెత్తబడేదాకా ఊరంతా ఆ మంట చుట్టూ నిలబడి చేతులు కాచుకున్నాం.