తడి వేలికి పలకని ఫోను

భీమిలిలో చేపలమ్మే మా అమ్మ ఫ్రీజర్ నిరుడు ఎండల్లో ఆగిపోయింది. కంపెనీకి ఫోన్ చేస్తే, రిపేరుకి రెండు నొక్కమంది రికార్డు చేసిన గొంతు. మెత్తబడుతున్న చేపల్ని ఐసులోకి మారుస్తూనే అమ్మ నొక్కింది. తడి వేలికి తెర పలకలేదు. “మీరు ఏ అంకెనూ ఎంచుకోలేదు, ధన్యవాదాలు” అని ఆ గొంతు ఫోన్ పెట్టేసింది.

ఈసారి నేను చేసి నొక్కాను. ఇంకో అంకె నొక్కమంది, ఆపైన పాట పెట్టింది. చివరికి లైను కట్టయింది. మనిషన్నవాడు పలకలేదు. నాకు ఒళ్ళు మండిపోయింది. ఈ ఫ్రీజర్ అంటగట్టడానికి మాత్రం ఇద్దరు మనుషులు ఇంటికొచ్చి, మా టీ తాగి, అరగంట వాగారు కదా!

అమ్మ ఫోన్‌కేసి చూసి అంది: “మన గంప కాడ బేరమాడి కొనకుండా ఎల్లిపోయినోళ్ళకి కూడా జవాబు సెప్తాం. డబ్బులు తీసుకున్న ఈళ్ళ నోటికేటి రోగమే?”