ముందుగా తీసేసిన వేపమండ

నిన్న పొద్దున వాకిలి ఊడ్చి తలెత్తేసరికి ఎదురింటి గుమ్మానికి వేపమండ వేలాడుతూ కనిపించింది. తమిళనాట విరుదునగరంలో మా తెలుగువాళ్ళ వీధిలో ఆ ఆకులు చూసి ఎన్నేళ్ళయిందో. ఇప్పుడు పిల్లలకు ముందే సూదులు వేయిస్తున్నారు, ఒకవేళ ఒళ్ళంతా పొక్కులు లేచినా మాత్ర మింగించి తలుపు దగ్గరగా వేసుకుంటున్నారు, పక్కింటికి కూడా తెలియనివ్వరు. ఎదురింట్లో ఇంకా ఒక ముసలావిడ ఉంది కాబట్టి మండ కట్టింది. పన్నెండో తరగతి చదివే ఆమె మనుమరాలికి ఆటలమ్మ పోసిందట. నా వెనకే వచ్చి నిలబడిన మా తమ్ముడి కూతురు కూడా ఆ మండను చూసి లోపలికి వెళ్ళిపోయింది.

నా ఈడువాళ్ళకు వేరే చెప్పక్కరలేదు, మన చిన్నప్పుడు ఇంట్లో అమ్మ పోసిందంటే అది జబ్బు కాదు, తల్లి ఇంటికి రావడం. ఆమె ఉన్నన్నాళ్ళు పోపు వెయ్యం, తల దువ్వం, పడుకున్న బిడ్డను పేరు పెట్టి పిలవక తల్లీ అనే పిలుస్తాం, చుట్టాలెవరైనా వస్తే గుమ్మంలో మండ చూసి బయటినుంచే దండం పెట్టి వెనక్కి తిరుగుతారు. పొక్కులు మాడి, పక్కులు రాలాక, వేపాకూ పసుపూ వేసిన నీళ్ళను ఎండలో పెట్టి, వెచ్చబడ్డాక తలకు పోస్తాం. అలా రోజు విడిచి రోజు మూడుసార్లు. మూడో నీళ్ళు పోసి మండ తీసేస్తేనే తల్లి సెలవు తీసుకున్నట్టు, ఆ ఇంటివాళ్ళు మళ్ళీ నలుగురిలోకి రావచ్చు. ఇంకే డాక్టరు మాటా మాకు అక్కరలేదు.

నేను భర్త పోయాక తమ్ముడి ఇంటికి చేరాను. వాడు అగ్గిపెట్టెల ఫ్యాక్టరీలో లోడు ఎత్తేవాడు, నేను ఇంట్లో కూర్చుని పెట్టెలు అతికేదాన్ని, మా అమ్మ అప్పటికి ఇంకా గట్టిగానే ఉంది. తమ్ముడి కూతురు తల్లి లేని పిల్ల, నా చేతుల్లోనే పెరిగింది. చదువుకని కోవిల్‌పట్టి హాస్టలుకు పంపితే అక్కడ హాకీ పట్టుకుంది. ఆ ఊళ్ళో హాకీ కర్ర లేని ఇల్లు ఉండదంటారు, అందులో వింతేమీ లేదు. మా పిల్ల మాత్రం పరుగెత్తే ఆట కాదు, గోలు కాచే ఆట ఎంచుకుంది. కాళ్ళకు పరుపుల్లాంటి ప్యాడ్లు, ముఖానికి జాలీ ఉన్న హెల్మెట్టు వేసుకుని నిలబడితే నేనే పోల్చుకోలేకపోయేదాన్ని.

ఒక సంవత్సరం పక్క దేశాల జూనియర్ ఆడపిల్లలు కోవిల్‌పట్టికి వచ్చి ఆడేలా అర్హత పోటీలు పెట్టారు. గెలిచిన జట్టు పెద్ద పోటీలకు విదేశం వెళ్తుంది, ఆ జట్టులో ఉన్న పిల్లకు రైల్వేలో ఉద్యోగం ఖాయమని వాళ్ళకు ఆట నేర్పే ఆమె తమ్ముడితో చెప్పింది. మన దేశం జట్టులో గోలు కాచేది మా పిల్లే. ఆ మాట విన్ననాటినుంచి తమ్ముడు లోడు ఎత్తుతూ కూడా నవ్వుకునేవాడట.

పోటీలకు ముందు వారం రోజులు సెలవని పిల్ల ఇంటికి వచ్చింది. వచ్చిన సాయంత్రమే ఒళ్ళు కాలింది, తెల్లారేసరికి వీపున పొక్కులు. అమ్మ మండ కట్టింది. పొక్కులు కొన్నే, జ్వరం మాత్రం దిగడం లేదు. తమ్ముడు నిలిచిన చోట నిలవలేకపోయాడు.

“అమ్మా, రేపే నీళ్ళు పోసేద్దాం. మ్యాచ్చికి పోవాల కదా.”

“పక్కులింకా పచ్చిగా ఉండాయి కదరా! నువ్వేమన్నా మారెమ్మకు కండక్టరా, విజిలు ఊది దింపేదానికి?”

“నీళ్ళు పోస్తే తల్లి పోయినట్టేనని నువ్వే కదా ఎప్పుడూ చెప్తావు!”

“రాలినాక పోస్తే పోతుందిరా. కూర్చోనుండంగా పొమ్మంటే ఏ చుట్టమైనా పోతుందా?”

పిల్ల చాప మీదినుంచే అంది, “నీళ్ళు పొయ్యి అవ్వా. బాలు వస్తే తగిలేది ప్యాడుకు, పొక్కుకు కాదు.”

ఆ మాటకు అమ్మ నవ్వింది. నవ్వాక ఇక కాదనలేకపోయింది. రోజు విడిచి రోజు పోయవలసిన నీళ్ళు మా ఇంట్లో వరసగా పోసేశాం. మండను తమ్ముడే తీసి, కళ్ళకద్దుకుని, బావిలో వేసి వచ్చాడు. జ్వరం వచ్చి పోయిందని ఆట నేర్పే ఆమెకు ఫోను చేశాడు. అందులో వాడు అబద్ధమాడుతున్నాననుకోలేదు. నీళ్ళు పోశాం, మండ తీశాం, మా లెక్కలో తల్లి వెళ్ళిపోయింది.

ముగ్గురం పోటీలకు బయల్దేరిన బస్సు సాత్తూరులో ఆగినప్పుడు కిటికీల దగ్గరికి దోసకాయలు అమ్మేవాళ్ళు వచ్చారు. ఉప్పూ కారం చల్లిన ఆ ముక్కలు లేనిదే మా పిల్ల ఎన్నడూ సాత్తూరు దాటలేదు. ఆ రోజు కిటికీ కమ్మీకి తల ఆనించి కళ్ళు మూసుకునే ఉంది.

మొదటి ఆట గెలిచారు. ఒక్క బంతిని కూడా లోపలికి పోనివ్వలేదు. తమ్ముడు పక్కన ఎవరున్నారో చూడకుండా అందరినీ కావలించుకున్నాడు. మరునాటి ఆట ఎండలో. సగం ఆట అయ్యాక నీళ్ళు తాగడానికి పిల్ల హెల్మెట్టు తీసింది. తడిసిన జుట్టు పక్కకు తోసుకునేసరికి మెడమీద కొత్తగా లేచిన పొక్కులు, ఎర్రగా. ఎదుటి జట్టుతో వచ్చిన డాక్టరమ్మ చూసింది. ఆమె ఏదో అడిగింది, మా పిల్ల జవాబు చెప్పబోయి, మాట రాక, గోలు కంబం పట్టుకుని కూలబడింది. ఎగశ్వాస. నేను మైదానంలోకి పరుగెత్తి ఆ ప్యాడ్లు విప్పాను.

ఆట ఆగిపోయింది. తమకూ అంటుకుంటుందని సాయంత్రానికి విదేశీ జట్లు పెట్టెలు సర్దుకున్నాయి. మిగిలిన ఆటలు జరగనే లేదు. తర్వాత ఎవరిని ఏ లెక్కన ఎంచారో నాకు తెలియదు, మన పిల్లలు మాత్రం ఎక్కడికీ వెళ్ళలేదు. రెండు మూడు వారాలకు మా పిల్ల జట్టులోనే ఒకరి తర్వాత ఒకరికి పోసింది. ఒకే గదిలో పడుకున్న నేస్తం కూడా అప్పటినుంచి పలకరించలేదు. అది న్యాయమేనని మా పిల్లే అంటుంది.

ఆటలమ్మ పిల్ల ఊపిరితిత్తుల్లోకి దిగిందని పెద్దాసుపత్రిలో చెప్పారు. పిల్ల బతికింది. కానీ ఆ ఊపిరి మళ్ళీ పూర్తిగా రాలేదు. తల్లిని తరిమితే కోపగించిందని మా అమ్మ పోయేదాకా అంటూనే ఉంది. తమ్ముడు హాకీ అన్న మాటే ఎత్తకుండా కన్నుమూశాడు. పిల్ల మంచం దిగలేని ఆ నెలల్లో, జట్టులోని అనంతపురం పిల్ల ఒక్కతే మనసు విరుచుకోకుండా అక్షరాల పుస్తకం పంపితే, మాట్లాడడమే తప్ప రాయడం ఎరగని మన తెలుగును పిల్లా నేనూ ఒక మంచం మీద కూర్చుని నేర్చుకున్నాం. ఇదంతా ఆ అక్షరాలతోనే రాస్తున్నాను.

నిన్న సాయంత్రం ఎదురింటి పిల్ల తండ్రి తమ అరుగుమీద నిలబడి, పెద్ద పరీక్ష వస్తోంది, రేపే నీళ్ళు పోసేస్తామని నాతో అన్నాడు. ఎవరింటికీ వెళ్ళని మా పిల్ల అది విని వీధి దాటింది. ఆ చిన్న వీధికి మధ్యలో ఒకసారి ఆగి ఊపిరి పీల్చుకుంది.

“పక్కులు రాలినాయా అన్నా?”

“ఇంకా లేదమ్మా. పరీక్ష పోతే ఏడాది పోతుంది కదా.”

“ఏడాదే కదన్నా పోయేది.”

అతను గుమ్మంలోని మండ వంక ఒకసారి చూసి లోపలికి వెళ్ళాడు.

ఈ పొద్దున తలుపు తీసి నేను ముందు చూసింది ఆ గుమ్మాన్నే. మండ ఉంది. ఆకులు వాడి, అంచులు ముడుచుకుని, అయినా ఉంది. ఒకప్పుడు ఆ ఆకులు ఉన్నన్నాళ్ళు వీధి వీధంతా పోపు వాసన లేకుండా కాచుకునేది, ఎవరి పనీ తొందరగా తోచేది కాదు. ఇప్పుడెవరికీ అంత తీరిక లేదని నేనూ అందరిలాగే అంటుంటాను. కానీ ఈ వీధిలో ఆ మండను ముందుగా తీసింది మా ఇల్లే.