పూచీ పడని అక్క

ఆ వీధిలో ఆమెను అందరూ కత్తెరక్క అనేవాళ్ళు. తండ్రి పోయేనాటికి ఆమె మీద ఎప్పుడూ నలతగా ఉండే తల్లి, మీసాలైనా మొలవని తమ్ముడు ఆధారపడి ఉన్నారు. కుట్టుమిషను తొక్కి ఇద్దర్నీ పోషించింది. ఎవరైనా పెళ్ళి మాట ఎత్తితే "నా కొలతలకి సరిపడేవాడు దొరకలేదులే" అని నవ్వేసేది. కింద దుకాణం, పైన ఇల్లు. నడుము కొలత దగ్గర ఏ ఆడమనిషీ నిజం చెప్పదని, టేపు మాత్రం అబద్ధం చెప్పదని వచ్చినవాళ్ళను ఆటపట్టించేది.

తమ్ముడు ఫోన్లు బాగుచేసే పనిలో కుదిరాడు. నెమ్మదస్తుడు, తలెత్తి మాట్లాడడు అని పేరు.

ఎదురింటి అమ్మాయి చదువయ్యాక కత్తెరక్క దగ్గర చేరింది. కాజాలు తీయడం, గుండీలు కుట్టడం ఆమె పని. యజమానురాలిని అక్కా అని, తమ్ముణ్ణి అన్నయ్యా అని పిలిచేది. ఫోను అద్దం పగిలితే ఆ అన్నయ్య చేతికే ఇచ్చింది. ఫోను బాగై వచ్చింది. అందులోని ఫొటోలన్నీ అతని దగ్గర ఉండిపోయాయని ఆమెకు తెలియదు.

కొన్నాళ్ళకు అతను ప్రేమిస్తున్నానన్నాడు. ఆమె కాదంది. ఆ సంగతి అక్కకు చెబితే పని పోతుందేమోనని ఊరుకుంది. ఆ తర్వాత ఆమె పేరుతో దొంగ ఖాతాలు పుట్టుకొచ్చాయి. వాటినిండా ఎవరివో నగ్నదేహాలకు అతికించిన ఆమె ముఖం, కింద ఆమె ఫోను నంబరు. ముక్కూమొహం తెలియని మగవాళ్ళు ఫోన్ చేసి రేటెంతని అడగసాగారు. ఒక మధ్యాహ్నం అతను మెట్ల దగ్గర అటకాయించి, పైకొస్తే అన్నీ తీసేస్తానని చెయ్యి పట్టి లాగాడు. ఒంటి మీద చేతులు వేశాడు. ఆమె విదిలించుకుని ఇంటికి పరుగెత్తి తండ్రితో అంతా చెప్పింది. మెట్ల గోడకు ఇవతల దుకాణంలో కత్తెరక్క అంతసేపూ మిషను తొక్కుతూనే ఉంది. ఆ చప్పుడులో ఆమెకేమీ వినబడలేదు.

పోలీసులు ఫోన్లు పట్టుకుపోయారు, అతన్నీ తీసుకుపోయారు. కంచే చేను మేసిందని కొందరన్నారు. నిప్పు లేనిదే పొగ రాదని, ఆ పిల్ల ఎలాంటిదోనని మరికొందరన్నారు.

మొదటిసారి బెయిలు రాలేదు. ఫోన్లలో ఏముందో తేల్చే పని పూర్తి కాలేదని, ఈలోగా బయటికొస్తే ఆనవాళ్ళు చెరిపేస్తాడని కోర్టు అంది. పరీక్ష ముగిసి పోలీసులు అభియోగపత్రం వేశాక తమ్ముడి తరఫు ప్లీడరు మళ్ళీ అర్జీ పెట్టాడు. బెయిలంటే తప్పు చేయలేదని తీర్పు కాదని తల్లీకూతుళ్ళకు నచ్చజెప్పాడు. పారిపోతాడా, సాక్ష్యాన్ని పాడుచేస్తాడా, ఆ అమ్మాయిని బెదిరిస్తాడా అన్నదే చూస్తారట. సాక్ష్యం ఎలాగూ పోలీసుల దగ్గరుంది. ఉండడానికి ఇల్లు, పూచీ పడడానికి అయినవాళ్ళు ఉంటే చాలన్నాడు. తల్లి కూతురి గడ్డం పట్టుకుని బతిమాలింది. కత్తెరక్క అవుననలేదు, కాదనలేదు. కోర్టుకు మాత్రం వెళ్ళింది.

ఇలాంటి కేసుల్లో బాధితురాలి మాట కూడా వినాలి కాబట్టి ఆ అమ్మాయినీ పిలిపించారు. తండ్రి పక్కన ముఖానికి గుడ్డ కట్టుకుని నిలబడింది. ఎందుకు వద్దంటున్నారని జడ్జి అడిగాడు. అతని గది కిటికీ తమ గుమ్మానికి ఎదురుగా ఉంటుందని మాత్రం చెప్పింది.

జడ్జి కత్తెరక్క వైపు తిరిగాడు.

"మీ తమ్ముడు మీ ఇంట్లోనే ఉంటాడని అర్జీలో రాశారు. ఆ అమ్మాయి జోలికి పోకుండా మీరు చూసుకుంటారా?"

ప్లీడరు ఊఁ అనమన్నట్టు తలాడించాడు. తల్లి చేతులు జోడించింది.

"నేను ఇంట్లో ఉండగానే చేశాడండీ ఇదంతా. గోడకు అటుపక్కే. అప్పుడు కనిపెట్టలేనిదాన్ని, ఇప్పుడెలా కాస్తాను? నేను పూచీ పడలేను సార్."

ప్లీడరు ఫైలు మూసి, మళ్ళీ తెరిచాడు. కాసేపటికి తల్లి అతనికి గుసగుసగా పొరుగూళ్ళో తన అన్న ఉన్నాడని చెప్పింది. ఆ అన్న వచ్చి పూచీ పడ్డాక జడ్జి బెయిలిచ్చాడు, అయితే షరతులు పెట్టాడు. మేనమామ ఇంట్లో ఉండాలి, ఈ ఊళ్ళో అడుగుపెట్టకూడదు, ఇంటర్నెట్ వాడకూడదు, నేరుగా గానీ మరొకరి ద్వారా గానీ ఆ అమ్మాయిని పలకరించకూడదు. తల్లి కూడా కొడుకుతో వెళ్ళిపోయింది. పోతూ కూతురితో అన్నది ఒకటే మాట.

"నీ చేత్తో పెంచి, నీ నోటితో నరికేశావే."

ఆ అమ్మాయి పనిలోకి రాలేదు. ఆమెను రమ్మనడానికి కత్తెరక్కకు ముఖం చెల్లలేదు. ఒకరోజు ఆమే తండ్రితో దుకాణానికి వచ్చి ఫోను చూపించింది. ఎవరిదో నంబరు నుంచి వచ్చిన మాట: ఎలా ఉన్నావు. అంతే. తమ్ముడే అయ్యుంటాడని కత్తెరక్కకు అనిపించినా, అనుమానం మీద నోరు జారలేదు. పదండి, పోలీసులకు చెబుదాం అని మిషను మీద గుడ్డ అలాగే వదిలేసి వాళ్ళతో వెళ్ళింది. విచారిస్తే ఆ నంబరు మేనమామ కొడుకుదని, ఫోను అడిగి తీసుకున్నది తమ్ముడేనని తేలింది.

బెయిలు రద్దు చేయాలని అర్జీ పడింది. ఎలా ఉన్నావనడం బెదిరింపు ఎలా అవుతుందని ప్లీడరు వాదించాడు. బెదిరించవద్దని కాదు, పలకరించవద్దని చెప్పానని జడ్జి అన్నాడు. తమ్ముణ్ణి మళ్ళీ జైలుకు పంపారు.

ఎదురింటివాళ్ళు ఇల్లు ఖాళీ చేసి వెళ్ళిపోయారు. ఎక్కడికో ఎవరికీ చెప్పలేదు. ఆ బొమ్మలు ఒకచోట తీయిస్తే మరోచోట తేలుతున్నాయని, పోయేముందు ఆ అమ్మాయి తండ్రి చెప్పాడు. అసలు విచారణ ఇంకా మొదలవలేదు.

తల్లి తిరిగొచ్చింది. ఒకే ఇంట్లో ఉంటారు గానీ కూతురు వండింది ముట్టదు, తన గిన్నె తనే పొయ్యి మీద పెట్టుకుంటుంది. కత్తెరక్క వీలైనప్పుడల్లా జైలుకు వెళ్ళి, చూడాలని పేరు రాయిస్తుంది. ఎవరొచ్చారని అడిగి, అక్క అని తెలిశాక అతను రానంటాడు. అలా చాలాసేపు బల్ల మీద కూర్చుని, ఆమె తిరిగి బస్సెక్కుతుంది.